పాత ఇంటి ముచ్చట్లు: మా ఊరి గడీ ఎప్పటిది?

ప్రశ్న: సార్, మాది దేవరకొండ దగ్గర పల్లె. ఊరి నడుమ పెద్ద గడీ ఉంది. ముందు రెండు బురుజులు, పెద్ద దర్వాజ, లోపల రెండంతస్తుల మేడ. వారసులు హైదరాబాదులో ఉంటారు, ఇటు రారు. కాకతీయుల నాటిదని ఊళ్ళో పెద్దలంటారు. నిజాం కట్టించాడని ఇంకొందరు. నేను బడిలో సోషల్ చెప్తాను. పిల్లలు అడిగితే ఏమని చెప్పాలి? దీని వయసు ఎట్లా తెలుసుకోవాలి?
– ఒక టీచర్, దేవరకొండ

జవాబు: టీచర్ గారూ, రెండూ కాదని చెప్పండి. కాకతీయుల పాలన 1323లో ముగిసింది. పానగల్లులో పచ్చల సోమేశ్వరాలయం, ఛాయా సోమేశ్వరాలయం లాంటి గుళ్ళు ఇన్ని వందల ఏళ్ళు నిలిచాయంటే పూర్తిగా రాతితో కట్టబట్టే. కర్ర, మట్టి, సున్నంతో కట్టి మనుషులు కాపురమున్న ఇల్లు 700 ఏళ్ళు నిలవదు. మీ గడీ గోడలో ఎక్కడైనా చెక్కిన గుడి రాయి కనబడితే, పడిపోయిన గుడి నుంచి తెచ్చి పెట్టారని అర్థం. దాన్ని బట్టి ఇంటి వయసు లెక్కకట్టొద్దు. నిజాం మాటకొస్తే, ఆయన పల్లెపల్లెకు గడీలు కట్టించలేదు. ఆయన రాజ్యంలో శిస్తు మీద, భూమి మీద పెత్తనం చేసిన దేశ్‌ముఖులు, దేశ్‌పాండేలు, జాగీర్దార్లు, మక్తాదార్లు తమ కోసం కట్టించుకున్నారు.

ఎప్పుడు కట్టించుకున్నారంటే, ఆ డబ్బు ఎప్పుడు వచ్చిందో చూడాలి. 1853 నుంచి 1883 దాకా హైదరాబాద్ సంస్థానానికి మొదటి సాలార్ జంగ్ దివాన్. అంతకుముందు శిస్తు వసూలును గుత్తకు ఇచ్చేవాళ్ళు. ఆయన 1865లో జిల్లాలు ఏర్పరచి జీతం మీద అధికారులను పెట్టాడు. వసూలు పని పోయిన దేశ్‌ముఖులకు బదులుగా ఏటా రుసుం ఇచ్చారు. తర్వాత భూముల సర్వే జరిగింది. రికార్డు రాసే చెయ్యి ఎవరి మాట వింటుందో వాళ్ళ పేరే పట్టాలో ఎక్కింది. రైతు దున్నుతున్న భూమి కూడా దొర పేరు మీద పడింది. వేల ఎకరాలు ఒక్క ఇంటి చేతిలోకి వచ్చాయి. దానికి తోడు ఆముదం, పల్లికాయ లాంటి అమ్ముకునే పంటలు పెరిగాయి. నల్లగొండ, పాలమూరు ఎర్రనేలల్లో ఆముదం ఎంత పండేదో మీ ఊరి ముసలివాళ్ళను అడగండి. గింజ గోదాముకు వచ్చి అక్కడి నుంచి పైసలై తిరిగొచ్చేది. నేను రోడ్లు భవనాల శాఖలో ఓవర్సీర్‌గా తిరిగిన ఊళ్ళలో చూసిన గడీలు ఎక్కువ శాతం ఈ కాలం నుంచి 1940ల దాకా కట్టినవే. మీది కూడా ఆ నడుమదే అయి ఉండే అవకాశం ఎక్కువ.

అయితే నా మాట నమ్మాల్సిన పని లేదు. పిల్లలను తీసుకెళ్ళి మీరే చూడండి. ముందు కప్పు చూడండి. టేకు దూలాలు, వాటి మీద దగ్గరదగ్గరగా దంతెలు, పైన మట్టి లేదా గచ్చు ఉంటే అది పాత పద్ధతి. ఇనుప గర్డర్ల నడుమ ఇటుకలను చిన్న చిన్న కమానుల్లా వంచి కట్టిన కప్పు, అంటే మేం జాక్ ఆర్చ్ అనేది కనబడితే, ఆ భాగం రైలు వచ్చాకే. సికింద్రాబాదుకు వాడి జంక్షన్ నుంచి రైలు 1874లో వచ్చింది, బెజవాడ దాకా లైను 1889కి కలిసింది. అంత బరువైన ఇనుము అంతకుముందు ఎడ్లబండ్ల మీద మన పల్లెలకు రావడం కష్టం. పెంకులు కూడా చూడండి. మన కుమ్మరి చేసిన గూన పెంకుకు అచ్చు గుర్తు ఉండదు. అచ్చు పోసిన బెంగుళూరు పెంకును తిప్పితే వెనకాల తయారీదారు పేరు కనబడుతుంది. మంగుళూరులో బాసెల్ మిషన్ వాళ్ళు ఆ ఫ్యాక్టరీ పెట్టిందే 1865లో. ఇక సిమెంటు కనబడితే, పోరుబందరులో 1914లో తయారీ మొదలైందని గుర్తు పెట్టుకోండి. పాత గోడకు తర్వాత పూసిన సిమెంటును చూసి ఇల్లే కొత్తదనుకోకూడదు. పూత రాలిన చోట లోపల ఏముందో చూడాలి.

దర్వాజ మీద గానీ, బావి గిలక రాయి మీద గానీ ఒక అంకె చెక్కి ఉండవచ్చు. 1320, 1335 అని ఉంటే మళ్ళీ కాకతీయుల దాకా పోవద్దు. అది ఫసలీ సంవత్సరం, అంటే శిస్తు లెక్కల సంవత్సరం. దానికి 590 కలపండి, జనవరి నుంచి వచ్చే నెలలైతే 591. ఫసలీ 1335 అంటే 1925-26.

బురుజుల సంగతి వేరుగా చెప్పాలి. బురుజు ఇంటికంటే పాతదయ్యే వీలుంది. దోపిడీ దండ్ల భయం ఉన్న రోజుల్లో ఊరి రక్షణకు బురుజులు కట్టారు. తర్వాత వాటిని ఆనుకుని ప్రహరీ లేపిన ఊళ్ళున్నాయి. బురుజు, గోడ కలిసే చోట నిలబడి చూడండి. రాళ్ళు ఒకదాంట్లో ఒకటి కూర్చుని ఉంటే రెండూ ఒకేసారి కట్టినవి. పైనుంచి కిందికి నిట్టనిలువున సందు ఉంటే వేర్వేరు కాలాలవి. బురుజులో తుపాకీ పెట్టే రంధ్రాలు ఎటు తిరిగి ఉన్నాయో కూడా పిల్లలతో చూపించండి. ఊరి బయటి దారికి తిరిగి ఉంటే ఒక కథ. ఊళ్ళోకే తిరిగి ఉంటే ఇంకో కథ.

తర్వాత లోపలికి పదండి. పెద్ద దర్వాజ ఏనుగు పట్టేంత ఉంటుంది. దాంట్లోనే మనిషి వంగి దూరేటట్టు దిడ్డి దర్వాజ. పెద్ద తలుపు తెరిచేది దొర గుర్రానికో, కచ్చరానికో, పెళ్ళి పల్లకికో. మిగతా వాళ్ళందరూ తల వంచి దిడ్డిలో నుంచే. లోపల అడుగు పెట్టగానే ఖాళీ జాగా, ఒక పక్క కచేరీ. కచేరీ అరుగు మనిషి నడుము ఎత్తున ఉంటుంది. పైన కూర్చున్న వాడి పాదాలు కింద నిలబడ్డ వాడి చేతులకు ఎదురుగా వస్తాయి. ఆ ఎత్తు పొరపాటున వచ్చింది కాదు. పంచాయితీలు, జుర్మానాలు, భూమి రాతలు అన్నీ అక్కడే. దాని వెనుక భవంతి. నడుమ వానపడే చౌకం, చుట్టూ సాయమాన్లు, చెక్కిన టేకు కంబాలు. కంబం అడుగున రాతి దిమ్మె ఉంటుంది, చెద పైకి ఎక్కకుండా. వాన నీళ్ళు పోవడానికి చౌకంలో ఒక మూల తూము. ఎండాకాలం మధ్యాహ్నం చౌకంలో వేడిగాలి పైకి పోతుంటే చుట్టూ అర్రల్లో చల్లగా ఉంటుంది. మూడడుగుల మందం గోడ పగటి వేడిని లోపలికి రానివ్వదు. కరెంటు లేని రోజుల్లో ఆ మేస్త్రీలు సాధించింది ఇది, ఇప్పటి మన స్లాబు ఇళ్ళలో మే నెలలో పడుకోలేకపోతున్నాం.

భవంతి దాటాక ఆడవాళ్ళ అర్రలు. వీధి వైపు కిటికీలు ఉండవు, ఉన్నా ఎత్తున చిన్నవి. ఆ వెనుక వంటిల్లు, చేదబావి, గాబు, గరిసెలు, నేలలో తవ్విన పాతర, పశువుల కొట్టం, చివర వెనుక దర్వాజ. మీ పిల్లలకు ఆ వెనుక దర్వాజ తప్పకుండా చూపించండి. ముందు దర్వాజకు చెక్కడాలున్నాయి, ఫోటోలు దానివే వస్తాయి. గడీని నడిపిన మనుషులు వచ్చిపోయింది మాత్రం వెనుక నుంచి. ఆ గడప రాయి నడుమ అరిగి ఉంటుంది.

కాగితాలు కావాలంటే మీ తహసీల్దార్ ఆఫీసులో 1954-55 ఖాస్రా పహాణీ, దానికంటే పాత భూమి సర్వే రికార్డు సేత్వార్ అడగండి. పాతవి ఉర్దూలో ఉంటాయి, చదివే వాళ్ళను వెంట తీసుకెళ్ళండి. జాగీరు గ్రామమైతే తార్నాకలోని రాష్ట్ర ఆర్కైవ్స్‌లో దొరికే అవకాశం ఉంది. వీటన్నిటికంటే ముందు ఊళ్ళో ఎనభై దాటిన వాళ్ళ దగ్గర కూర్చోండి. కాగితం ఆగుతుంది, వాళ్ళు ఆగరు.

ప్రశ్న: మా తాత గడీలో వెట్టి చేశాడు. మా నాయనమ్మ బాలింతగా ఉండి కూడా అక్కడ వడ్లు దంచింది. మీరు ప్రతిసారీ గడీని కాపాడండి అని రాస్తారు. అది కూలిపోతే మాకెందుకు బాధ? కూలనివ్వండి.
– ఒక పాఠకుడు, నకిరేకల్

జవాబు: తమ్ముడూ, నీ కోపం న్యాయమైనది. దాన్ని తగ్గించుకోమని నేను చెప్పను. మా తాత కూడా మునుగోడు వైపు ఒక గడీకి డంగు తిప్పిన మనిషి. డంగు అంటే నేటి పిల్లలకు తెలియదు: గుండ్రటి రాతి కాలువ, అందులో రాతి చక్రం, దాన్ని ఎద్దులు లాగుతుంటే సున్నం, ఇసుక నలుగుతాయి. ఎద్దు దొరకని రోజు మనిషి లాగాలి. కూలి అడిగితే ఏం దొరికేదో నీకు తెలుసు.

నిజాం రాజ్యంలో ఒక్కో కులానికి ఒక్కో వెట్టి. కుమ్మరి కుండలు, పెంకులు ఇవ్వాలి. వడ్ల ఆయన నాగళ్ళు, తలుపులు చేయాలి. చాకలి బట్టలు ఉతకాలి, వంటింటికి నీళ్ళు మోయాలి. మాదిగలు తోలు, చెప్పులు, మోట బొక్కెనలు ఇవ్వాలి, పిలిచినప్పుడు పరుగెత్తాలి. గొల్లలు పండుగకు గొర్రెనివ్వాలి. దొర బిడ్డకు పెళ్ళయితే వెంట దాసీలుగా ఆడపాపలను పంపేవాళ్ళు, ఆ పిల్లల బతుకు గురించి రాయడానికి నాకు చెయ్యి ఆడదు. 1944లో భువనగిరిలో జరిగిన ఆంధ్ర మహాసభ తర్వాత ఊళ్ళలో సంఘం బలపడింది, 'వెట్టి చేయం' అనే మాట మొదటిసారి గట్టిగా వినబడింది. 1946 జూలై 4న అప్పటి నల్లగొండ జిల్లా జనగామ తాలూకా కడవెండిలో ఊరేగింపు మీద దేశ్‌ముఖ్ మనుషులు కాల్చిన తూటాకు దొడ్డి కొమురయ్య చనిపోయాడు. అక్కడి నుంచి ఊరూరా గడీ తలుపులు కదిలాయి. సాయుధ పోరాటం 1951 దాకా సాగింది. 1948 సెప్టెంబరులో పోలీసు చర్య, 1949 ఆగస్టులో జాగీర్ల రద్దు, 1950లో కౌలుదారీ చట్టం, 1951 ఏప్రిల్ 18న పోచంపల్లిలో వెదిరె రామచంద్రారెడ్డి 100 ఎకరాలతో భూదానం. ఆ తర్వాత చాలా మంది దొరలు పట్నం చేరారు. గడీల్లో కొన్ని బడులయ్యాయి, కొన్ని పావురాలకు మిగిలాయి.

ఇప్పుడు నా మాట విను. దొర కుటుంబానికి కాగితాలున్నాయి. పట్టాలు, సనదులు, ఫోటోలు, కోర్టు తీర్పులు, అన్నీ భద్రంగా ఉన్నాయి. గడీ కూలినా వాళ్ళ చరిత్ర పోదు. మీ తాతకు ఏ కాగితం ఉంది? ఆయన పనిచేసినట్టు ఏ రిజిస్టరులో రాశారు? ఆయన మోసిన రాయి ఆ గోడలోనే ఉంది. మీ నాయనమ్మ దంచిన రోలు ఆ వెనుక సాయమానులో నేలకు పాతి ఉంటుంది. వెట్టి జరిగిందనడానికి మన వాళ్ళ తరఫున మిగిలిన సాక్ష్యం ఆ కట్టడమే. రేపు ఎవరైనా వచ్చి, అప్పట్లో దొరలు ఊరిని బిడ్డల్లా చూసుకున్నారని చెబితే, వెనుక దర్వాజ దగ్గరికి, అరుగు ఎత్తు దగ్గరికి, కొట్టం పక్కన జీతగాళ్ళు పడుకున్న కిటికీ లేని అర్ర దగ్గరికి తీసుకెళ్ళి చూపించాలి. కూలిపోయాక ఏం చూపిస్తావు?

కాపాడడం అంటే రంగులు వేసి రిసార్టు చేసి, పాత దర్జా అని బోర్డు పెట్టడం కాదు. నేను దానికి ఒప్పుకోను. గడీలో బడి ఉండాలి, లైబ్రరీ ఉండాలి, ఊరి ఆడవాళ్ళ సంఘం ఆఫీసు కచేరీ అరుగు మీద నడవాలి. గోడ మీద కట్టించినవాడి పేరు పక్కన కట్టినవాళ్ళ పేర్లు, తెలిసినన్ని రాయాలి. కాశె వాళ్ళు, వడ్డెరలు, ఉప్పరులు, వడ్రంగులు, కమ్మరులు ఎవరెవరో మీ ఊరి పెద్దలకు ఇంకా గుర్తుంటుంది. మీ తాత పేరు ముందు నువ్వే రాయి. 2017లో మన రాష్ట్రం వారసత్వ కట్టడాల చట్టం తెచ్చింది. గ్రామసభ తీర్మానం చేసి వారసత్వ శాఖకు అర్జీ పెట్టుకోవచ్చు. ఇల్లు ప్రైవేటు ఆస్తి అయితే వారసులతో మాట్లాడక తప్పదు. నువ్వు పోయి కూర్చుని మాట్లాడితే అది దిడ్డిలో నుంచి తల వంచి పోవడం కాదు కదా.

ప్రశ్న: మాది అచ్చంపేట దగ్గర. మా అత్తగారిల్లు నూరేళ్ళ మిద్దె. రెండేళ్ళ నుంచి వానకు కురుస్తోంది. మేస్త్రీ పైన సిమెంటు వేసి, లోపలి గోడలకు కూడా సిమెంటు పూయిస్తే గట్టిపడుతుందంటున్నాడు. ఖర్చు టెన్షన్ ఒకటి, ఇల్లు పాడైతదేమోనని ఒకటి. ఏం చేయమంటారు?
– ఒక పాఠకురాలు, అచ్చంపేట

జవాబు: అమ్మా, సిమెంటు వేయించకండి. ఈ ఒక్క మాట కోసమైనా ఈ నెల పత్రిక దాచుకోండి.

మీ గోడలు మట్టి, రాయి, సున్నంతో కట్టినవి. అవి నేలలో నుంచి కొంత తేమ పీలుస్తాయి, ఎండకు వదిలేస్తాయి. సున్నం పూత తేమను బయటికి పోనిస్తుంది. సిమెంటు దాన్ని లోపలే బంధిస్తుంది. రెండు మూడేళ్ళు అందంగా ఉంటుంది, తర్వాత ఉప్పు పొంగి, పొరలు పొరలుగా ఊడి, లోపలి మట్టిని కూడా పట్టుకుని వస్తుంది. దూలం చివరలు గోడలో ఉంటాయి కాబట్టి ఆ తేమకు ముందు పుచ్చిపోయేది అవే.

కప్పు మీద మీ పెద్దలు వేసింది చౌడు మట్టి. చౌడులో సోడియం ఉప్పు ఉంటుంది. తడవగానే ఆ మట్టి రేణువులు విడిపోయి సందులన్నీ పూడ్చేస్తాయి, అందుకే నీళ్ళు దిగవు. ఏటా మృగశిర కార్తె ముందు పైన పలుచగా కొత్త చౌడు పరిచి, తడిపి, తొక్కించేవాళ్ళు. ఆ పని ఆగిపోయిన ఇళ్ళే కురుస్తాయి. ఇంకో జబ్బు కూడా ఉంటుంది: పాతది తీయకుండా పొర మీద పొర వేసుకుంటూ పోయి, అడుగు మందం మట్టి పేరుకుని దూలాలు వంగిపోవడం. కాబట్టి ముందు ఒక మూల తవ్వించి మట్టి మందం చూడండి. ఎక్కువుంటే రెండు వైపుల నుంచి సమానంగా తగ్గించాలి, ఒకే పక్క ఖాళీ చేయొద్దు. తర్వాత ప్రతి దూలం గోడలోకి పోయే చోట చిన్న సుత్తితో కొట్టి వినండి. గట్టి కర్ర ఖంగుమంటుంది, చెదపట్టింది డొల్లగా మోగుతుంది. అలాంటి దూలం కింద వెంటనే గుంజ పెట్టించండి. పని ఆ తర్వాతే. నీళ్ళు పోయే తూములు ఆకులతో పూడిపోయి ఉంటే వాటిని తీయించండి, సగం కురవడం దాంతోనే ఆగవచ్చు.

గోడకు సున్నం పూయించాలంటే కాల్చిన సున్నాన్ని నీళ్ళలో విరిచి, కనీసం రెండు వారాలు గుంతలో మురగనివ్వాలి. ఒక పాలు సున్నానికి రెండున్నర, మూడు పాళ్ళు ఇసుక. కరక్కాయ నానబెట్టిన నీళ్ళు, బెల్లం నీళ్ళు కలిపితే పట్టు బాగా వస్తుంది. తడి తగిలే చోట ఇటుక పొడి కూడా వేస్తారు. ఎండలో పూయొద్దు, పూసిన గోడను వారం పదిరోజులు తడిపిన గోనెసంచులతో కప్పాలి. సున్నం గాలిలోని బొగ్గుపులుసు వాయువును పీల్చుకుని మెల్లగా మళ్ళీ రాయి అవుతుంది, దానికి సమయం ఇవ్వాలి. త్వరగా కావాలనే మేస్త్రీకి ఈ పని అప్పజెప్పకండి. మీ వైపు సున్నం పని తెలిసిన పాత ఉప్పరి మేస్త్రీలు ఇంకా ఉన్నారు. ఒక పెద్దాయనను కూర్చోబెట్టి, కుర్ర మేస్త్రీతో చేయించండి. ఆ పిల్లవాడికి విద్య వస్తుంది.

ప్రశ్న: పాలమూరు వైపు పెద్ద ప్యాలెస్‌లు ఉన్నాయంటారు. అవి కూడా గడీలేనా? పిల్లలతో సంక్రాంతి సెలవుల్లో చూడాలనుకుంటున్నాం.
– ఒక పాఠకుడు, జడ్చర్ల

జవాబు: కాదు. గద్వాల, వనపర్తి, కొల్లాపురం రాజధానిగా ఉన్న జటప్రోలు, ఆత్మకూరు రాజధానిగా ఉన్న అమరచింత, ఇవి సంస్థానాలు. నిజాంకు పేష్కష్, అంటే కప్పం కట్టి, సొంత పాలన నడుపుకున్నవి. వాటి కోటలు, ప్యాలెస్‌లు దేశ్‌ముఖ్ గడీ కంటే చాలా పెద్దవి. గద్వాల కోట సోమభూపాలుడు కట్టించింది. ఆయనను జనం సోమనాద్రి అంటారు. కోట లోపల చెన్నకేశవ ఆలయం ఉంది, డిగ్రీ కాలేజీ కూడా అక్కడే. వనపర్తి ప్యాలెస్‌లో పాలిటెక్నిక్ నడుస్తోంది. సెలవుల్లో పోతే గేటు మూసి ఉండవచ్చు కాబట్టి ముందే కాలేజీకి ఫోన్ చేసి అడగండి. కొల్లాపురం వెళ్తే సోమశిల కూడా దగ్గరే, కృష్ణ ఒడ్డున సాయంత్రం గడపవచ్చు. మూడూ ఒక్క రోజులో పెట్టుకోకండి, పిల్లలు అలసిపోయి దేన్నీ సరిగ్గా చూడరు. ఒక రోజు గద్వాల, మరో రోజు వనపర్తి, కొల్లాపురం అనుకుంటే నిమ్మళంగా అవుతుంది.